గోడ మీద ఇరుగుపొరుగు

గత సంచికలో న్యూయార్క్‌లోని మోమా గురించి రాశాను. మ్యూజియం ఆఫ్ మోడర్న్ ఆర్ట్‌ని అక్కడ అందరూ పిలిచే పేరు అదే. భవనం పెంచడం కోసం 2019 జూన్‌లో మూసి, అదే ఏడాది అక్టోబర్ 21న మళ్ళీ తెరిచారు. మా అబ్బాయి న్యూజెర్సీలోని ఎడిసన్‌లో ఉంటాడు కాబట్టి మూయకముందు ఒకసారి, తెరిచిన తర్వాత డిసెంబర్‌లో ఇంకోసారి వెళ్ళి చూశాను. ఆ వ్యాసం చదివి చాలామంది ఉత్తరాలు రాశారు, వాట్సాప్‌లో అడిగారు. అందుకే ఈసారి శీర్షిక మొత్తం ఆ ప్రశ్నలకే.

ప్రశ్న: టీచర్ గారూ, ఏప్రిల్‌లో మా అబ్బాయి దగ్గరికి న్యూజెర్సీ వెళ్తున్నాం. మా వారికి 68 ఏళ్ళు, మోకాళ్ళ నొప్పులు. వాడు ఆ మ్యూజియంకి తీసుకెళ్తానంటున్నాడు. టికెట్ 30 డాలర్లట! అక్కడ మాకేం అర్థమవుతుందని అంత డబ్బు పెట్టడం? నాకైతే ఇప్పట్నుంచే టెన్షన్‌గా ఉంది. — ఒక పాఠకురాలు, తెనాలి

జవాబు: వెళ్ళండమ్మా, తప్పకుండా వెళ్ళండి. 65 దాటినవాళ్ళకు టికెట్ తగ్గుతుంది కాబట్టి మీవారి వయసు చెప్పి తీసుకోమనండి. పదహారేళ్ళ లోపు పిల్లలకు అసలు టికెట్టే లేదు. మనవలుంటే వెంటబెట్టుకెళ్ళండి. శుక్రవారం సాయంత్రం ఉచితమని ఎవరైనా చెప్పొచ్చు. అది న్యూయార్క్ రాష్ట్రంలో ఉండేవాళ్ళకే, న్యూజెర్సీ అడ్రస్‌కి వర్తించదు. రైల్లో వస్తే పెన్ స్టేషన్‌లో దిగి ‘ఇ’ ట్రైన్ ఎక్కండి. ఫిఫ్త్ ఎవెన్యూ–53వ స్ట్రీట్ స్టేషన్ నుంచి మ్యూజియంకి నాలుగడుగులు. మీవారిని నడిపించకండి. చక్రాల కుర్చీ అడిగితే ఉచితంగా ఇస్తారు, లిఫ్టులున్నాయి. మొహమాటపడి నడుస్తానంటారు, ఒప్పుకోకండి.

లిఫ్టులో నేరుగా ఐదుకి వెళ్ళండి. అక్కడ గ్రౌండ్ ఫ్లోర్‌నే ఒకటో అంతస్తు అంటారు, అంటే మన లెక్కలో అది నాలుగో అంతస్తు. 1880ల నుంచి 1940ల దాకా వేసినవి అందులో ఉంటాయి. నాలుగులో 1970ల దాకా, రెండులో అక్కడి నుంచి ఇప్పటి దాకా. అన్నీ చూడాలని మాత్రం పెట్టుకోకండి. మొదటిసారి నేను ఆ పొరపాటే చేశాను. మూడు గంటల్లో అన్ని అంతస్తులూ తిరిగి, ఇంటికొచ్చి కళ్ళు మూసుకుంటే ఒక్క బొమ్మా సరిగ్గా గుర్తు రాలేదు. కాళ్ళ పీకులు మాత్రం రెండ్రోజులున్నాయి.

రెండోసారి వెళ్ళినప్పుడు ఒకే గదిలో గంటకు పైగా కూర్చున్నాను. ఎందుకో చెప్తాను.

ఆ గదిలో పికాసో 1907లో వేసిన ‘ఆవిన్యోఁ అమ్మాయిలు’ ఉంది. ఎనిమిదడుగుల ఎత్తు. అయిదుగురు ఆడవాళ్ళు, కత్తితో కోసినట్టుండే ఒళ్ళు, కుడివైపు ఇద్దరికి మాస్కుల్లాంటి ముఖాలు. ఆ బొమ్మ పుస్తకాల్లో ఎన్నోసార్లు చూశాను, పిల్లలకు చెప్పాను కూడా. దాని దగ్గర్లోనే ఇంకో బొమ్మ ఉంది. ఆరడుగుల ఎత్తు, పన్నెండడుగుల పొడవు. ఫెయిత్ రింగ్‌గోల్డ్ అనే నల్లజాతి చిత్రకారిణి 1967లో వేసింది. పేరు ‘డై’, అంటే చావు. అమెరికా నగరాలు జాతి ఘర్షణలతో రగిలిన ఏడాది అది. అందులో నల్లవాళ్ళూ తెల్లవాళ్ళూ కలగలిసి పరిగెడుతుంటారు, పడిపోతుంటారు. అందరి ఒంటి మీదా నెత్తురే. అందరూ మంచి బట్టల్లో ఉంటారు, మగవాళ్ళు సూట్లలో, ఆడవాళ్ళు గౌన్లలో, ఏదో పెళ్ళికి బయల్దేరినట్టు. మధ్యలో కింద ఇద్దరు పిల్లలు, ఒక నల్ల పాప, ఒక తెల్ల బాబు, ఒకరినొకరు గట్టిగా పట్టుకుని కూర్చున్నారు. నేను ఆ పిల్లల దగ్గరే ఆగిపోయాను.

కాసేపటికి తల తిప్పి పికాసో బొమ్మ చూస్తే అది మారిపోయింది. ఇన్నేళ్ళూ అందులో నేను గీతలు చూశాను, కోణాలు చూశాను. ఆ రోజు ఆ అయిదుగురి కళ్ళలో భయం కనబడింది. ఆ అమ్మాయిల్ని ఎవరు చూస్తున్నారు, వాళ్ళెందుకలా బిగుసుకుపోయారు అనిపించింది. పక్కన ఈవిడ బొమ్మ లేకపోతే నాకా ఆలోచన వచ్చేది కాదు.

ముప్పై ఒక్క ఏళ్ళు జిల్లా పరిషత్ హైస్కూళ్ళలో డ్రాయింగ్ చెప్పాను. శనివారం ఆఖరి పీరియడ్‌లో పురికొస తాడు కట్టి, బట్టల క్లిప్పులతో పిల్లల బొమ్మలు వేలాడదీసేదాన్ని. మార్కుల వరసలో ఎప్పుడూ పెట్టలేదు. బాగా వేసే పిల్లాడి బొమ్మ పక్కన ఎప్పుడూ నోరు విప్పని పిల్ల బొమ్మ పెట్టేదాన్ని. అప్పుడు పిల్లలు రెండింటి దగ్గరా ఆగేవాళ్ళు. మోమా ఈ విస్తరణలో చేసిన అసలు పని నా దృష్టిలో ఇదే. అంతకుముందు అక్కడ పెయింటింగులు ఒకచోట, ఫోటోలు ఇంకోచోట, ఇంట్లో వాడే వస్తువుల డిజైన్ మరోచోట ఉండేవి. పెయింటింగుల్లోనూ ఒక పెద్ద పేరు తర్వాత ఇంకో పెద్ద పేరు. దాదాపు అన్నీ యూరప్, అమెరికా మగవాళ్ళవి. 1929లో ముగ్గురు ఆడవాళ్ళు పూనుకుని మొదలుపెట్టిన మ్యూజియం అది! తెరిచిన తర్వాత వాటన్నిటినీ కలిపి పెట్టారు. రింగ్‌గోల్డ్ యువతిగా ఉన్నప్పుడు పికాసో యుద్ధ చిత్రం ‘గెర్నికా’ చూడటానికి ఈ మ్యూజియంకే వచ్చేది. అది 1981లో స్పెయిన్ వెళ్ళేదాకా ఇక్కడే ఉండేది. అలా నేర్చుకుని ‘డై’ వేసింది. దాన్ని మ్యూజియం కొన్నది 2016లో, వేసిన 49 ఏళ్ళకి. ఆవిడ 2024లో, 93 ఏళ్ళ వయసులో పోయింది. తన బొమ్మ పికాసో దగ్గర ఉండటం బతికుండగానే చూసుకుంది, అదొక్కటే నాకు తృప్తి.

మీరు వెళ్ళేసరికి ఆ రెండూ అలాగే ఉంటాయని చెప్పలేను. ఆరు నెలలకోసారి కొన్ని గదులు మారుస్తామని తెరిచినప్పుడే చెప్పారు. ఏ గదిలోనైనా సరే, ఒక బొమ్మ పట్టుకోండి. దాని పక్కన ఏం పెట్టారో చూడండి, ఎందుకు పెట్టారో మీవారూ మీరూ మాట్లాడుకోండి. అర్థమవుతుందా అని అడిగారు కదా. వెంకటేశ్వరస్వామి పటం పక్కన పోయినవాళ్ళ ఫోటో పెట్టాలా వద్దా అని మన ఇళ్ళలో ఎంత ఆలోచిస్తాం! ఏది దేని పక్కన ఉండాలో మీకు చిన్నప్పట్నుంచీ తెలుసు.

ప్రశ్న: మేడమ్, నేను తొమ్మిదో తరగతి. మా స్కూల్ లైబ్రరీలో వాన్ గో వేసిన స్టారీ నైట్ (చుక్కల రాత్రి) పోస్టర్ ఉంది. అసలుది ఎంత పెద్దగా ఉంటుంది? గోడంతా ఉంటుందా? — ఒక విద్యార్థిని, నంద్యాల

జవాబు: లేదమ్మా, చిన్నదే. మూడడుగుల వెడల్పు, ఎత్తు రెండున్నర అడుగుల కంటే కాస్త తక్కువ. మీ లైబ్రరీ పోస్టరే దానికన్నా పెద్దదేమో కొలిచి చూడు. కానీ పోస్టర్‌లో తెలియనిది ఒకటుంది. రంగు మందంగా ఉంటుంది. గీతలు ఒకదాని పక్కన ఒకటి ఉబ్బెత్తుగా లేచి ఉంటాయి, వాటి మధ్యలో అక్కడక్కడా రంగు తగలని కాన్వాస్ కనబడుతుంది. వాన్ గో 1889 జూన్‌లో మానసిక చికిత్స కోసం ఆసుపత్రిలో ఉన్నప్పుడు వేశాడు. దాని ముందు ఎప్పుడూ ఫోన్లు పట్టుకున్న జనమే. కాస్త ఓపిగ్గా నిలబడితే ముందు వరస దొరుకుతుంది.

నేను రెండోసారి వెళ్ళినప్పుడు ఆ గదిలోనే గాజు పెట్టెలో మట్టి కుండలు పెట్టారు. జార్జ్ ఓర్ అని, అమెరికాలో మిసిసిపీ రాష్ట్రపు కుమ్మరివి. సారె మీద చాలా పలచగా తీసి, పచ్చిగా ఉండగానే అంచులు నొక్కి, మెలిపెట్టి, మడత పెట్టేవాడు. ఒక కుండ అంచు అచ్చం మా అమ్మ గవ్వలు ఒత్తినట్టుంది. బొటనవేలి గుర్తు కనబడుతుందేమోనని వంగి చూశాను. ఆయన 1918లో పోయాడు. అమ్ముడుపోని కుండలు వేలకొద్దీ పిల్లల దగ్గరే పెట్టెల్లో యాభై ఏళ్ళున్నాయి. ఆకాశంలో సుడులు తిప్పినవాడి దగ్గర మట్టిని సుడులు తిప్పినవాడిని పెట్టారు. నువ్వు బొమ్మలు వేస్తావా? వేస్తే ఒకటి నాకు పంపు.

ప్రశ్న: ఈ విస్తరణ కోసం పక్కనున్న ఇంకో మ్యూజియం కూలగొట్టారని మా ప్రొఫెసర్ చెప్పారు. అది న్యాయమేనా? — ఆర్కిటెక్చర్ విద్యార్థి, హనుమకొండ

జవాబు: న్యాయం కాదు బాబూ. నాకు ఈ మ్యూజియం మీద ఎంత ప్రేమున్నా ఈ మాట చెప్పాలి. పక్కనే అమెరికన్ ఫోక్ ఆర్ట్ మ్యూజియం ఉండేది. టాడ్ విలియమ్స్, బిల్లీ త్సియెన్ అనే ఆర్కిటెక్టు దంపతులు కట్టారు, 2001లో తెరిచారు. ముందు గోడంతా పోత పోసిన కంచు లోహపు పలకలు, 63. పల్లెటూరి చేతిపనులు, బొంతలు, చెక్కబొమ్మలు ఉండే మ్యూజియంకి సరిపడ్డ గోడ అది, చేత్తో చేసినట్టుండేది. ఆ సంస్థ అప్పుల్లో పడితే 2011లో మోమా భవనాన్ని కొన్నది. అంతస్తుల ఎత్తులు కలవడం లేదని, ఆ గదులు తమకు సరిపోవని 2014లో కూల్చేసింది. కట్టి అప్పటికి పదమూడేళ్ళు. ఎందరో ఆర్కిటెక్టులు వద్దని మొత్తుకున్నారు. ఆ పలకలు విప్పి దాచారు, గోడ మాత్రం పోయింది.

ఆ స్థలంలోనూ, దాని పక్కన ఫ్రెంచి ఆర్కిటెక్టు జాఁ నూవెల్ కట్టిన ఆకాశహర్మ్యం కింది అంతస్తుల్లోనూ ఇప్పటి కొత్త గ్యాలరీలున్నాయి. డిల్లర్ స్కోఫిడియో ప్లస్ రెన్‌ఫ్రో, గెన్స్‌లర్ సంస్థలు డిజైన్ చేశాయి. ఖర్చు 45 కోట్ల డాలర్లు. గ్యాలరీల జాగా 40 వేల చదరపు అడుగులకు పైగా పెరిగింది. లోపల తిరుగుతుంటే పాత భాగం ఎక్కడ అయిపోయిందో కొత్తది ఎక్కడ మొదలైందో తెలియదు. అదే గొప్ప అన్నారు చాలామంది. తెలియాలని నాకనిపిస్తుంది. ఇక్కడొక ఇల్లుండేదని కనీసం గడప గుర్తయినా ఉంచాల్సింది. బొమ్మల్ని ఇరుగుపొరుగుగా ఇంత ఆలోచించి పెట్టినవాళ్ళు సొంత పొరుగుని ఉంచలేకపోయారన్న బాధ నాకు పోలేదు.

ప్రశ్న: తెల్ల కాన్వాస్ మీద తెల్ల రంగు వేసి దాన్ని కూడా గొప్ప కళ అంటారట. మా మనవడు అంతకన్నా బాగా వేస్తాడు. మీరైనా నిజం చెప్పండి. — ఒక పాఠకుడు, ఒంగోలు

జవాబు: మీరు చెప్పేది రష్యా చిత్రకారుడు మాలెవిచ్ 1918లో వేసిన బొమ్మ. మొదటిసారి వెళ్ళినప్పుడు నేనూ దాన్ని దాటేసి వెళ్ళిపోయి, మళ్ళీ వెనక్కొచ్చాను. వెనక్కి తెచ్చింది మా అమ్మ.

సంక్రాంతికి ముందు మా ఇంట్లో గోడలకు సున్నం కొట్టేవాళ్ళు. సున్నంలో అమ్మ నీలిమందు కలిపేది. ఒక ఏడాది నీలిమందు సగంలో అయిపోతే వెనక గోడకు ఒట్టి సున్నమే కొట్టారు. పగలు రెండూ తెలుపే. సాయంత్రం వెలుతురు తగ్గేటప్పుడు చూస్తే ముందు గోడ చల్లగా, వెనక గోడ పాలమీగడలా ఉండేవి. సరిగ్గా ఆ తేడాయే ఈ బొమ్మలో ఉంది. చుట్టూ ఉన్న తెలుపు వెచ్చగా ఉంటుంది. లోపలి చతురస్రానికి నీలం తగిలిన తెలుపు, అదీ తిన్నగా కాకుండా ఒక పక్కకు ఒరిగి ఉంటుంది. దగ్గరికెళ్తే బ్రష్ ఎటు నుంచి ఎటు లాగాడో తెలుస్తుంది. కాసేపు చూస్తే ఆ చతురస్రం గాల్లో తేలుతున్నట్టుంటుంది. రంగులన్నీ తీసేశాక బొమ్మలో ఇంకా ఏం మిగులుతుందో చూద్దామనుకున్నాడు, చూశాడు.

మీ మనవడు బాగా వేస్తాడన్నది నేను నమ్ముతాను. వాడి బొమ్మ గోడకు పెట్టండి. ఆ పని ఈ వారమే చేయండి.

ప్రశ్న: అమెరికా వెళ్ళలేని మాలాంటివాళ్ళు ఇలాంటివి ఎక్కడ చూడాలి? — ఒక పాఠకురాలు, అనంతపురం

జవాబు: మీకు బెంగళూరు దగ్గర. ప్యాలెస్ రోడ్డులో మాణిక్యవేలు మాన్షన్ అనే పాత బంగళాలో నేషనల్ గ్యాలరీ ఆఫ్ మోడర్న్ ఆర్ట్ ఉంది, 2009లో తెరిచారు. ఢిల్లీలో దాని పెద్దక్క 1954 నుంచి జైపూర్ హౌస్‌లో ఉంది. దానికి కూడా 2009లోనే కొత్త భవనం చేరింది. అమృతా షేర్‌గిల్ బొమ్మలు చూడాలంటే అక్కడే చూడాలి. రాజమండ్రి వెళ్తే గోదావరి చూసి వచ్చేయకండి, దామెర్ల రామారావు గ్యాలరీకి వెళ్ళండి. ఇరవై ఎనిమిదేళ్ళు నిండకుండానే పోయిన మనిషి ఎంత పని చేశాడో కళ్ళారా చూడండి.

ప్రశ్న: కట్టడం పని జరిగేటప్పుడు బొమ్మలకు ప్రమాదం కాదా? వెల్డింగులు, రంగులు, కార్మికుల సిగరెట్లు... మా శాఖలో ఇలాంటివి ఎన్నో చూశాను. — అగ్నిమాపక శాఖలో పనిచేసి రిటైరైన పాఠకుడు, కాకినాడ

జవాబు: మీ అనుభవం సరిగ్గా చెప్పింది. ఆ మ్యూజియంలో అలాగే జరిగింది. 1958 ఏప్రిల్ 15న రెండో అంతస్తులో ఏసీ పనులు చేస్తున్నవాళ్ళు సిగరెట్లు కాలుస్తుంటే నిప్పు అంటుకుంది. పక్కనే రంగు డబ్బాలు, రంపం పొట్టు. ఒక కార్మికుడు చనిపోయాడు. ఫ్రెంచి చిత్రకారుడు మోనే వేసిన పెద్ద ‘కలువలు’ చిత్రం కాలిపోయింది. అప్పుడే పై అంతస్తులో, షికాగో మ్యూజియం అరువిచ్చిన, సెరా అనే ఫ్రెంచి చిత్రకారుడి ‘గ్రాండ్ జాట్’ ఉంది. పది అడుగుల బొమ్మ. దాన్ని ఎలాగో పక్క భవనంలోకి చేరవేసి కాపాడారు. షికాగోవాళ్ళు ఆ భయంతో మళ్ళీ ఎవరికీ, ఎప్పుడూ ఆ బొమ్మ అరువివ్వలేదు.

2002లో ఇంకో పెద్ద విస్తరణకు అసలు భవనం ఖాళీ చేసి, క్వీన్స్‌లో ఒక పాత స్టేప్లర్ ఫ్యాక్టరీలోకి మారారు. రెండేళ్ళకు పైగా వాన్ గో, పికాసో అక్కడే ఉన్నారు. 2019లో కొత్త భాగం చాలావరకు పక్కన లేస్తుంటే పాత భాగం నడుస్తూనే ఉంది. చివరి నాలుగు నెలలే మూశారు.

కాలిపోయిన కలువలకు బదులు మోనేవే ఇంకా పెద్దవి, మూడు పలకలు కలిపి దాదాపు 42 అడుగులవి, మరుసటి ఏడాదే కొన్నారు. ఇప్పుడు వాటికి ఐదో అంతస్తులో సొంత గది ఉంది. మధ్యలో బల్ల ఉంది. తెనాలి పాఠకురాలు గారూ, మీవారికి మోకాళ్ళు నొప్పి పుడితే ఇక్కడ కూర్చోబెట్టండి. నేను కూర్చున్నప్పుడు పక్కన ఒక పెద్దాయన నిద్రపోయాడు. గార్డు ఆయన్ని లేపలేదు.

ప్రశ్న: అంత పెద్ద మ్యూజియంలో మన తెలుగువాళ్ళది ఒక్కటైనా ఉందా అమ్మా? — ఒక పాఠకుడు, చిత్తూరు

జవాబు: ఉంది, అదీ మీ జిల్లా ఆయనదే. కృష్ణారెడ్డి గారు, లోహపు రేకు మీద చెక్కి కాగితం మీదికి బొమ్మలు అచ్చు తీసే కళాకారుడు. 1925లో నందనూరులో పుట్టారు. శాంతినికేతన్‌లో నందలాల్ బోస్ దగ్గర చదివారు, మద్రాసు కళాక్షేత్రలో చెప్పారు, లండన్ వెళ్ళారు, అక్కడి నుంచి పారిస్. అక్కడ హేటర్ అనే ఆయన నడిపే ‘ఆతెల్యే 17’ ప్రింట్ వర్క్‌షాప్‌లో చేరి, తర్వాత దాని బాధ్యతల్లో పాలు పంచుకున్నారు. 1976లో న్యూయార్క్‌లో స్థిరపడి యూనివర్సిటీలో పాఠాలు చెప్పారు. 1972లో పద్మశ్రీ వచ్చింది. 2018 ఆగస్టులో న్యూయార్క్‌లోనే పోయారు. ఇంకో ఏడాది ఆగితే ఈ కొత్త గదులు చూసేవారు.

ఆయన పనితనం కొంచెం వివరంగా చెప్పనివ్వండి. మామూలుగా రంగుల ప్రింటు తీయాలంటే ఒక్కో రంగుకు ఒక్కో రేకు కావాలి. ఆయన ఒకే రేకు మీద అన్ని రంగులూ పెట్టేవారు. ముందు లోహపు రేకుని శిల్పంలా చెక్కుతారు, కొన్నిచోట్ల లోతుగా, కొన్నిచోట్ల పైపైన. ఇంకుల్లో అవిసె నూనె ఎక్కువా తక్కువా కలిపి కొన్నిటిని పలచగా, కొన్నిటిని చిక్కగా చేసుకుంటారు. గట్టి రోలర్ రేకు ఎత్తుల్ని మాత్రమే తాకుతుంది, దాంతో నూనె ఎక్కువున్న పలచని రంగు పూస్తారు. ఆ తర్వాత మెత్తటి రోలర్‌తో చిక్కటి రంగు. మెత్తటిది కాబట్టి గుంటల్లోకి కూడా దిగుతుంది. మరి పైన ఉన్న మొదటి రంగుతో కలిసిపోదా? కలవదు. నూనె దాన్ని అంటనివ్వదు. పెనం మీద నూనె ఎక్కువైతే దోసెపిండి పట్టుకోకుండా జారిపోతుంది చూడండి, అలాగ. రంగులు పక్కపక్కనే ఉంటాయి, దేని చోటు దానిదే. ఒక్కసారి ప్రెస్సులోంచి లాగితే అన్నీ కాగితం మీదికొస్తాయి. విస్కాసిటీ ప్రింటింగ్ అంటారు దీన్ని. కైకో మోతీ అనే మరో భారతీయుడితో కలిసి పారిస్‌లో దీన్ని కనిపెట్టి, తర్వాత దేశదేశాల విద్యార్థులకు నేర్పారు.

మోమా సేకరణలో ఆయన ప్రింట్లున్నాయి. నేను తిరిగిన గదుల్లో మాత్రం కనబడలేదు. వాళ్ళ దగ్గర ఉన్నవి దాదాపు రెండు లక్షలు, గోడల మీదికి ఒకసారి వచ్చేవి అందులో చాలా తక్కువ. పైగా కాగితం మీది ఇంకు వెలుతురుకు పాడవుతుంది కాబట్టి కొన్నాళ్ళు చూపించి మళ్ళీ చీకట్లో దాస్తారు. ఆ డిసెంబర్‌లో ఆరో అంతస్తులో బెంగళూరు కళాకారిణి షీలా గౌడ పని చూశాను. పాత ఇళ్ళ తలుపులు, కిటికీ చట్రాలు, వాటి చుట్టూ చేత్తో చెక్కిన వేల చిన్న చెక్కబొమ్మలు. మన ఊళ్ళో కూలగొట్టిన మండువా ఇంటి తలుపే అక్కడ నిలబడి ఉన్నట్టనిపించి, ముట్టుకోకూడదని తెలిసీ చెయ్యి ముందుకెళ్ళింది.

కృష్ణారెడ్డి గారి ప్రింట్లు మోమా వెబ్‌సైట్‌లో పేరు కొట్టి వెతకండి. ఫోన్‌లో వద్దు, కంప్యూటర్ మీద పెద్దది చేసి చూడండి. మీ ఊరి హైస్కూల్లో డ్రాయింగ్ టీచర్ ఉంటే ఒకటి ప్రింటు తీయించి ఇవ్వండి. కింద ‘నందనూరు, చిత్తూరు జిల్లా’ అని రాయించండి. క్లాసులో ఏ బొమ్మ పక్కన పెట్టాలో ఆ టీచర్‌కే వదిలేయండి.